డెడ్ సైడింగ్ మూడో క్యాసెట్

1984 జూన్‌లో నన్ను ఖరగ్‌పూర్‌లో ఆడియోమెట్రిస్టుగా వేశారు. రైళ్ళు నడిపే సిబ్బందికి చెవి పరీక్షలు చేసే చిన్న కేంద్రం అది. దాని పేరు, అది ఎవరి కింద ఉండేదన్నది ఇక్కడ అనవసరం. ఎందుకంటే నేను చెప్పబోయే వ్యవహారంలో తప్పు కేంద్రానిది కాదు, నాది.

మాకు రెండు గదులు, ఒక యంత్రం ఉండేవి. రెండో గదిలో మళ్ళీ ఒక చిన్న గది. గోడలకి లోపల దళసరి దూది పరుపు, తలుపు అంచులకి రబ్బరు, మధ్యలో చిన్న అద్దం కిటికీ. దాన్ని బూత్ అనేవాళ్ళం. పరీక్షకి వచ్చిన మనిషి బూత్‌లో కూర్చుని చెవులకి హెడ్‌ఫోన్ పెట్టుకుని, చేతిలో బటన్ పట్టుకుంటాడు. బయట యంత్రం దగ్గర కూర్చుని నేను మీట నొక్కితే అతని చెవిలో ఒక స్వరం మోగుతుంది. వినిపిస్తే అతను బటన్ నొక్కాలి, నా ముందు చిన్న దీపం వెలుగుతుంది. నలభై డెసిబెల్స్ దగ్గర మొదలుపెడతాను. వినిపించిన ప్రతిసారీ పది తగ్గిస్తాను, వినిపించనప్పుడు ఐదు పెంచుతాను. అలా దిగుతూ ఎక్కుతూ ఆ చెవికి అందే అతి చిన్న శబ్దాన్ని పట్టుకుని గళ్ళ కాగితం మీద గుర్తు పెడతాను. కుడి చెవికి ఎర్ర సున్న, ఎడమ చెవికి నీలం ఇంటూ. బొంగురు స్వరాల నుంచి కీచు స్వరాల దాకా గుర్తులు పెట్టి కలిపితే వచ్చే గీతే ఆడియోగ్రామ్.

మంచి చెవి గీత కాగితం పైభాగాన చదునుగా సాగిపోతుంది. ఏళ్ళ తరబడి మోతలో పనిచేసినవాడి గీత కీచు స్వరాల దగ్గరకు వచ్చేసరికి గోతిలో పడి, చివర్లో కొంచెం పైకి లేస్తుంది. ఆ గొయ్యి చూస్తే మనిషిని చూడకుండానే చెప్పేవాణ్ణి, బాయిలర్ దగ్గర ఎన్నేళ్ళు పనిచేశాడో.

డ్రైవర్లకి పీఎంఈ అని నిర్ణీత కాలానికోసారి జరిగే వైద్య పరీక్ష ఉండేది, నలభై ఐదేళ్ళ లోపు వాళ్ళకి నాలుగేళ్ళకోసారి. వాళ్ళది ఏ-వన్ కేటగిరీ, అన్నిటికన్నా కఠినమైనది. చెవి పోతే ఏ-వన్ పోతుంది, ఏ-వన్ పోతే ఇంజను దిగాలి. ఉద్యోగం తీసెయ్యరు, ఏదో ఒక బల్ల దగ్గర కూర్చోబెడతారు. దీన్నే డీకేటగరైజ్ చెయ్యడం అంటారు. ఆ మాట వింటే డ్రైవరు ఇంట్లో ఆ పూట పొయ్యి వెలగదు.

నా పనితనం మీద నాకు కొంచెం గర్వం ఉండేది. కొంచెమేం కాదు, దండిగానే. స్వరం ఒక సెకను, విరామం మూడు సెకన్లు. వచ్చినవాడు కలాసీ అయినా మెయిల్ డ్రైవరయినా ఒకటే కొలత. మా ఈఎన్‌టీ డాక్టరు బెంగాలీ ఆవిడ, అందరం దీదీ అనేవాళ్ళం. “రావు బాబు చెయ్యి చెయ్యి కాదు, గడియారం” అని ఆవిడ కొత్తగా వచ్చినవాళ్ళకి చెబుతుంటే పైకి వినయం నటిస్తూ లోపల పొంగిపోయేవాణ్ణి.

దానియేలు నా దగ్గరకి మొదటిసారి పరీక్షకి వచ్చింది 1988లో, డీజిల్ ఇంజను అసిస్టెంటుగా ఉన్నప్పుడు. వాళ్ళ నాన్న ఏసుదాసు వర్క్‌షాపులో ఫిట్టరు, తాల్‌బగీచాలో మా పక్కింటివాడు. నాకన్నా రెండేళ్ళు పెద్ద. అందుకని దానియేలు నన్ను బాబాయ్ అనేవాడు. చిన్నప్పటి నుంచి చర్చిలో డ్రమ్స్ వాయించేవాడు. ఆ ఏడాది అతని ఆడియోగ్రామ్ చూసి ముచ్చటేసింది. రెండు గీతలూ రూలుకర్ర పెట్టి గీసినంత చదునుగా ఉన్నాయి. అవి నిజమైన గీతలు. ఆ మాట ఇప్పుడే చెప్పి ఉంచుతాను.

1990లో ఒక ఆదివారం అతను మా ఇంటికొచ్చి నా చేతిలో క్యాసెట్ పెట్టాడు. నలుగురు రైల్వే కుర్రాళ్ళు కలిసి బ్యాండు పెట్టారట. పేరు డెడ్ సైడింగ్. పనికిరాని వ్యాగన్లని తోసేసే మొండి పట్టాలకి ఆ పేరు. వెనకటికెవరో చావు పేరు పెట్టుకుని పెళ్ళికి వెళ్ళాడంటే ఇదేనేమో అనుకుంటూ టూ-ఇన్-వన్‌లో పెట్టాను.

నేను గొంతుల గురించి, చెవుల గురించి జీతం తీసుకుని ఆలోచించేవాణ్ణి. అయినా మొదటి నిమిషం అది ఏ శబ్దమో నాకు అంతుపట్టలేదు. ఇంజను షెడ్డు మొత్తం మెట్ల మీంచి దొర్లిపోతున్నట్టుంది. దాని మీద ఒక మనిషి అరుపు. అరుపు కూడా కాదు, కడుపులోంచి తోడుకొస్తున్న గుర్రు. వంటింట్లోంచి మా ఆవిడ సుభద్ర చెయ్యి కడుక్కోకుండానే పరిగెత్తుకొచ్చింది.

“ఎవరికండీ వాంతులవుతున్నాయి?”

దానియేలు పడీపడీ నవ్వాడు. “వాంతులు కావు పిన్నీ, పాట. దీన్ని డెత్ మెటల్ అంటారు. హిజ్లీ కాలేజీ హాస్టలోళ్ళు ఫారిన్ కేసెట్లు తెస్తన్నారు గదా, అయ్యిని మేం నేర్సుకున్నాం. పాడతన్నది మన శామ్యూలే.”

శామ్యూల్ పార్సిల్ ఆఫీసులో గుమస్తా. ఎదురుపడితే గట్టిగా నమస్కారం కూడా పెట్టలేని మనిషి. అతని గొంతులో ఇది ఉందని తెలిసి నేను ఇంకోసారి అదిరిపోయాను. ఇలా పాడితే స్వరపేటిక మీద కాయలు కాస్తాయని, మనిషిని తీసుకొచ్చి దీదీకి చూపించమని హెచ్చరించాను. దానియేలు తల ఊపి, “మిక్సింగంతా నానే సేసినాను బాబాయ్, అది సెప్పండి ముందర” అన్నాడు.

మిక్సింగ్ అంటే నాకు అతనే చెప్పాడు. హాస్టలు వాళ్ళ దగ్గర ఎరువు తెచ్చిన నాలుగు ట్రాకుల యంత్రం మీద డ్రమ్స్ వేరుగా, గిటార్లు వేరుగా, గొంతు వేరుగా రికార్డు చేస్తారు. తర్వాత ఒకడు కూర్చుని ఏది ఎంత గట్టిగా ఉండాలో, ఎంత పదునుగా ఉండాలో మీటలు జరిపి కలుపుతాడు. ఆ కూర్చునేవాడు దానియేలు. ఈ ఒక్క సంగతి గుర్తుంచుకుంటే చాలు.

రెండో క్యాసెట్ 1993లో వచ్చింది. అప్పటికి అతను గూడ్స్ డ్రైవరయ్యాడు. మధ్యలో 1992 పీఎంఈ కూడా నా చేతి మీదుగానే పాసయ్యాడు, గీత మళ్ళీ చదునుగానే వచ్చింది. ఈసారి సంగీతం మారింది. అదే గుర్రు, అదే మోత, కాని మోత మధ్యలో ఉన్నట్టుండి ఆగిపోయి చర్చి కీబోర్డు ఒక్కటే నెమ్మదిగా సాగేది. ఒక పాటలో నా వేళ్ళు వాటంతట అవే బల్ల మీద లెక్క పెట్టాయి. ఏడు. మూడూ నాలుగూ, మూడూ నాలుగూ. మా మేనత్త వీణ మీద వాయించే మిశ్రచాపు! ఈ గుర్రు మధ్యలో మిశ్రచాపా అని నేను కుర్చీలోంచి లేచాను. దానియేలుకి ఆ పేరే తెలియదు. దీన్ని ప్రోగ్రెసివ్ అంటారని, హిజ్లీలో కాలేజీ పండగలో తమని రెండుసార్లు మళ్ళీ వాయించమన్నారని చెప్పాడు. ఆ రోజు నుంచి, సుభద్ర ఎంత సణిగినా, నేను వాళ్ళ సంగీతం నిజంగా వినడం మొదలుపెట్టాను.

1996 ఆగస్టులో దానియేలు మూడో పీఎంఈకి వచ్చాడు. ఈసారి దానికి విలువెక్కువ. అతని పేరు ప్యాసింజర్ డ్రైవర్ల ప్రమోషను జాబితాలో ఉంది. ఏ-వన్ ఫిట్ అని కాగితం వెళ్తే చాలు, బొగ్గు వ్యాగన్ల బదులు మనుషులున్న బండి చేతికొస్తుంది. ఏసుదాసు ఆ ఏడాదే రిటైరవుతున్నాడు. కొడుకు నడిపే రైలెక్కి ఊరెళ్ళాలని సామాను కూడా సర్దుకుంటున్నాడని మా వీధంతా తెలుసు. పరీక్ష చేశాను. పైనుంచి కింద దాకా ప్రతి స్వరానికీ పది డెసిబెల్స్ దగ్గర గుర్తు. గీత చదును. ఫారం మీద సంతకం చేసి, దీదీ సంతకానికి ఆవిడ ట్రేలో పెట్టాను. వెళ్ళేముందు అతను చొక్కా జేబులోంచి మూడో క్యాసెట్ తీసి ఇచ్చాడు. ఎప్పటిలా మాటలు చెప్పలేదు. “ఇనండి బాబాయ్” అన్నాడంతే.

మర్నాడు ఆదివారం. భోజనాలయ్యాక పెట్టాను. ఈసారి నిజంగానే వేరే బ్యాండు విన్నట్టుంది. శామ్యూల్ కొన్నిచోట్ల గుర్రు మానేసి మామూలు గొంతుతో, ప్రార్థన పాటలాగా పాడుతున్నాడు. ఒక్కో పాట పది నిమిషాలు. చాలా బాగుంది అనుకుంటుండగా చెవిలో సూది గుచ్చినట్టయింది. తాళాలు, అంటే డ్రమ్స్ పక్కన ఉండే ఇత్తడి పళ్ళాలు, భరించలేనంత పదునుగా మోగుతున్నాయి. సుభద్ర రెండు చెవులూ మూసుకుని, “ఆ పిల్లాడికేం పొయ్యేకాలం, మొదటిదే నయం” అంటూ పెరట్లోకి వెళ్ళిపోయింది. హాస్టలు కుర్రాళ్ళు మాత్రం కొత్త సౌండు అద్దంలా మెరుస్తోందని మెచ్చుకున్నారట. ఇరవై ఏళ్ళ చెవులకి కొత్తదేదైనా గొప్పే.

నాకు మాత్రం ఇది రుచికి సంబంధించిన విషయంలా తోచలేదు. మా టూ-ఇన్-వన్ ముఖాన ఐదు చిన్న మీటలుండేవి. ఎడమ చివరిది బొంగురు శబ్దాలకి, కుడి చివరిది కీచు శబ్దాలకి. మామూలుగా ఐదూ ఒకే వరసలో మధ్యలో ఉంచేవాణ్ణి. ముందు మొదటి క్యాసెట్ పెట్టాను. మీటలేవీ కదపనక్కర్లేదు. రెండోది పెట్టాను. చెవికి సుఖంగా ఉండాలంటే నాలుగో మీట కాస్త కిందికి దించాల్సి వచ్చింది. మూడోది పెట్టాను. అది మనుషులు వినేలా చెయ్యడానికి నాలుగో మీటని అడుగు దాకా లాగాను, అయిదోదాన్ని సగం పైగా దించాను.

తర్వాత ఆ మీటల వంక చూశాను. ఎడమ మూడూ చదునుగా ఉన్నాయి. నాలుగోది గోతిలో ఉంది. అయిదోది గోతిలోంచి కొంచెం పైకి లేచింది.

పన్నెండేళ్ళుగా వారానికి ఎన్నిసార్లు గీశానో ఆ గీత! ఏ శబ్దం తనకి వినిపించడం లేదో, దాన్ని మిక్సింగ్‌లో కూర్చున్నవాడు వినిపించేదాకా పెంచుకుంటూ పోయాడు. మూడు క్యాసెట్లూ వరసగా పెట్టి వింటే, ఆరేళ్ళలో ఒక మనిషి చెవి ఎలా పోయిందో మొత్తం అందులో ఉంది. ఒక పక్క ఇంజను హారను, ఇంకో పక్క మూసిన గదిలో ఎడమ చెవి పక్కనే ఇత్తడి పళ్ళెం. ఎందుకు పోయిందో అడగనక్కర్లేదు.

కాని నిన్న శనివారం నేను గీసిన గీత చదునుగా ఉంది. నా యంత్రం అబద్ధం చెప్పిందా? ఏటేటా దాన్ని కలకత్తా పంపి సరిచూయిస్తున్నాం. చెయ్యి తప్పిందా? నా చెయ్యి గడియారం కదా. తల గోక్కుంటూ క్యాసెట్ ఆపకుండా అలాగే వదిలేశాను. ఆఖరి పాట మొదలైంది. గిటార్లు లేవు, గొంతు లేదు. ఇత్తడి పళ్ళెం నడిమి బొడిపె మీద పుల్లతో కొట్టిన టంగు టంగులు మాత్రమే.

నాలుగు దెబ్బలు. రెండు ఖాళీలు. ఒక దెబ్బ. రెండు ఖాళీలు. ఒక దెబ్బ.

మళ్ళీ అదే. మళ్ళీ అదే. ఇదేం తాళం అని నేను చూపుడువేలు బల్ల మీద ఆడించాను. వేలు ఎక్కడా తడబడలేదు. ముందే తెలిసినట్టు, నాకన్నా ముందే వెళ్తోంది. అప్పుడు అర్థమైంది, అది మీట నొక్కే నా వేలి లెక్కే. నలభై, ముప్ఫై, ఇరవై, పది, ఈ నాలుగూ వినిపిస్తాయి, నాలుగుసార్లు బటన్. సున్న, ఐదు, ఈ రెండూ వినిపించవు, రెండు ఖాళీలు. పది, ఒకసారి బటన్. మళ్ళీ సున్న, ఐదు, రెండు ఖాళీలు. మళ్ళీ పది. స్వరం ఒక సెకను, విరామం మూడు సెకన్లు. మంచి చెవికి నేను చేసే పరీక్షని ఒక్క బిందువు తేడా లేకుండా దానియేలు పాటగా కొట్టి, నాకే తెచ్చి ఇచ్చాడు.

క్యాసెట్ అయిపోయి ఆగిపోయినా అలాగే కూర్చుండిపోయాను. సుభద్ర పెరట్లోంచి వచ్చి, “ఏమైందండీ, ఎవరైనా పోయారా?” అని అడిగింది. తాడిని తన్నేవాడుంటే వాడి తల తన్నేవాడుంటాడని నా గర్వానికి ఎవరైనా ముందే చెప్పి ఉంటే బాగుండేది.

సోమవారం ఆఫీసు తెరిచేసరికి వాకిట్లో ఉన్నాను. ఫారం ఇంకా దీదీ ట్రేలోనే ఉంది. సంతకం చేసిన ఫారం చింపకూడదు. మూల మీద ఎర్ర సిరాతో ‘మళ్ళీ పరీక్షించే వరకు నిలిపివేయడమైనది’ అని రాసి, తేదీ వేసి, పొట్టి సంతకం పెట్టాలి. అలాగే చేశాను. తర్వాత దీదీకి జరిగింది చెప్పాను. ఆవిడ మొదట నమ్మలేదు. నేను బల్ల మీద వేలితో కొట్టి చూపించాక నమ్మింది. ఈ చేత్తో ఇంకెంతమందిని పాస్ చేశావని బెంగాలీలో అడిగింది. ఆ ప్రశ్న నాకు అప్పటిదాకా తట్టలేదు. అది విని నాకు దానియేలు మాట కూడా మర్చిపోయేంత భయం వేసింది.

బుధవారం దానియేలుకి విశ్రాంతి రోజు. కబురు పంపితే వచ్చాడు. నేరుగా బూత్‌లో కూర్చుని హెడ్‌ఫోన్ పెట్టుకున్నాడు. నేను కిటికీకి ఒక అట్టముక్క అడ్డం పెట్టి, కీచు స్వరం నుంచే మొదలుపెట్టాను. విరామం ఒకసారి రెండు సెకన్లు, ఒకసారి ఏడు, ఒకసారి నాలుగు. దీపం స్వరం లేనప్పుడు వెలిగింది. స్వరం ఉన్నప్పుడు వెలగలేదు. తర్వాత అసలు వెలగడం మానేసింది. అరవై దాకా పెంచుకుంటూ పోయాను. అరవై అయిదు దగ్గర వెలిగింది.

తలుపు తీసేసరికి అతను బటన్ ఒళ్ళో పెట్టుకుని కూర్చున్నాడు.

“ఏటిరా దానియేలూ ఇది?” అన్నాను. కోపంగా అందామనుకున్నాను. బతిమాలినట్టు వచ్చింది.

“బొంగురుయి నిజంగానే ఇనపడతాయి బాబాయ్. అక్కడ మీ లెక్క పట్టుకుంటాను. కీసు కాడికొచ్చేసరికి ఏటీ ఇనపడదు, ఆ లెక్కే మళ్ళీ కొట్టెస్తాను. మీరు తలొంచి కాయితం మీద గుర్తెడతారు, తలెత్తగానే ఒకటి మొదలు. తొంబై రెండులో సగం ఇని సగం కొట్టినాను. ఈసారి కీసుయన్నీ కొట్టినాను.”

బండి ఎలా నడుపుతున్నావురా అని అడిగాను. బ్రేకు పైపులో గాలి కారితే సన్నగా బుస కొడుతుంది. డ్రైవరుకి చెవి కావలసింది ముఖ్యంగా అందుకే. “అది ఇనపడి రెండేళ్ళైపోనాది” అన్నాడు. “గేజీ మీంచి కన్ను తియ్యకుండా నడుపుతన్నాను. మొన్న నా అసిస్టెంటు సెప్పీదాకా లీకు తెలీనేదు. ఆడు నవ్వినాడు. నాకు సెమటలు పట్టేసినాయి.”

నాకూ పట్టాయి. ఎనిమిదేళ్ళలో రెండుసార్లు నేను పరీక్షించింది అతని చెవిని కాదు, జ్ఞాపకాన్ని. ఆ జ్ఞాపకం మీద నమ్మకంతో నేను సంతకం పెట్టాను. ఇంకో వారంలో దాని మీద నమ్మకంతో వెయ్యి మంది టిక్కెట్టు కొనుక్కుని ఎక్కేవాళ్ళు.

“మరి ఆ పాట ఎందుకు కొట్టావు? నేను వింటానని తెలీదా?”

అతను ఒళ్ళోని బటన్ తీసి పక్కన పెట్టాడు. “తెలుసు. మీరు గాని కనిపెట్టకపోతే ఆ పాసింజరెక్కి నడిపేసీవోడినే. కనిపెడితే దిగిపోదును. నాకు నానుగా సెప్పడానికి నోరు రానేదు బాబాయ్, మా నాన్న మొహం ఎదురొచ్చెస్తంది. తేల్సుకోనేక మీ సేతికిచ్చినాను.”

ఇంతకన్నా పెద్ద దెబ్బ నాకు ఉద్యోగంలో ఇంకెప్పుడూ తగల్లేదు. నేను ఆ క్యాసెట్ వినకుండా బీరువాలో పడేసి ఉంటే? పాట బాగుందని చెప్పి ఊరుకుని ఉంటే? ఆ ప్రశ్నలతో ఇప్పటికీ అప్పుడప్పుడు నిద్రలేస్తాను.

రాయాల్సింది రాశాను. రెండు కాగితాలు. ఒకటి అతని గురించి, ఏ-వన్‌కి తగడని. రెండోది నా గురించి, పరీక్ష చేసే పద్ధతిలో నా లోపం వల్ల రెండు సర్టిఫికెట్లు తప్పుగా వెళ్ళాయని. రెండోది రాయకపోయినా ఎవరికీ తెలిసేది కాదని ఒక తోటి ఉద్యోగి సలహా ఇచ్చాడు. నిజమే. కాని అప్పుడు మొదటి కాగితంలో దానియేలు ఒక్కడే దొంగయ్యేవాడు. నాకు లిఖితపూర్వకంగా హెచ్చరిక వచ్చింది, రావలసిన ఇంక్రిమెంటు ఏడాది ఆగింది. అతన్ని డీకేటగరైజ్ చేసి, డ్రైవర్లకి డ్యూటీలు వేసే క్రూ బుకింగ్ ఆఫీసులో గుమస్తాగా వేశారు. నా లోపం కూడా కాగితం మీద ఉండటం వల్ల అతని మీద వేరే చర్య తీసుకోలేదు. ఎవరు ఏ ఇంజనెక్కాలో రోజూ తన చేత్తో రాసి పంపాలి, తను మాత్రం ఎక్కకూడదు. అంతకన్నా వేరే శిక్ష అక్కర్లేదు.

ఏసుదాసు మా గుమ్మంలోకి వచ్చి నిలబడి, “కన్నకొడుకులాటోడని కూడా సూడనేదు గదా రావుగారూ” అన్నాడు. అంతకుముందు నన్ను పేరు పెట్టి పిలిచేవాడు. తర్వాత రెండేళ్ళు మాట్లాడలేదు. రిటైరయ్యాక సామాను సర్దుకుని వేరే ఎవరో నడిపిన రైలెక్కి ఊరెళ్ళి వచ్చాడు. నాకు బాధ లేదంటే అబద్ధం.

దీదీ అడిగిన ప్రశ్నకి జవాబు వెతకడానికి నాలుగు నెలలు పట్టింది. నేను పాస్ చేసిన రన్నింగ్ స్టాఫ్‌ని ఒక్కొక్కర్నీ పిలిచి, అట్టముక్క అడ్డం పెట్టి, విరామాలు మార్చి మళ్ళీ పరీక్షించాను. అందరి గీతలూ పాతవాటితో సరిపోతుంటే ఊపిరి పీల్చుకుంటున్నాను. చివరి నెలలో ఒక గార్డు దొరికాడు. ఇందా పేటలో ఉండే బెంగాలీ పెద్దమనిషి, నుదుట తిలకం, మెడలో తులసిమాల. కుడి చెవి కీచు స్వరాలకి పూర్తిగా పోయింది. ఎలా పాసయ్యారు దాదా అని అడిగితే చిన్నపిల్లాడిలా తల దించుకున్నాడు. ఆయన సంకీర్తన మండలిలో ముప్ఫై ఏళ్ళుగా ఖోల్, అంటే మట్టి మృదంగం, వాయిస్తున్నాడు. దీదీ, నేను ఒకరి మొహం ఒకరు చూసుకున్నాం. నవ్వాలో ఏడవాలో తెలియలేదు.

ఇక్కడ ఇంకో చిక్కు వచ్చి పడింది. విరామాలు మార్చి మార్చి నొక్కాలని తెలుసు, కాని నా చెయ్యి వినదు. రెండు, ఏడు, నాలుగు అని మొదలుపెట్టినవాణ్ణి పది నిమిషాల్లో మళ్ళీ మూడు, మూడు, మూడు దగ్గరికి వచ్చేసేవాణ్ణి. పన్నెండేళ్ళ అలవాటు మరి. ఎవరిని అడగాలా అని ఆలోచిస్తే ఒక్క పేరే తట్టింది. సిగ్గు విడిచి క్రూ బుకింగ్ ఆఫీసుకి వెళ్ళి దానియేలుని అడిగాను, ఏ వాద్యకారుడికీ పట్టు దొరకని లెక్క ఒకటి రాసివ్వగలవా అని.

అతను వారం రోజులు తీసుకుని పన్నెండు కాగితాలు తెచ్చాడు. వంకర టింకర అంకెలు, ఏ వరసా ఇంకో వరసలా ఉండదు. బదులుగా ఒకటి అడిగాడు. తన ఆడియోగ్రామ్. కాపీ ఇచ్చే నిబంధన లేదు, చూపించవచ్చు. అతను నా బల్ల దగ్గరే కూర్చుని ఎర్ర పెన్ను, నీలం పెన్ను పెట్టి గళ్ళ కాగితం మీద గుర్తుకి గుర్తు దించుకున్నాడు.

నాలుగో క్యాసెట్ 1998లో వచ్చింది. ఎప్పటిలా మిక్సింగ్ దానియేలే. ఈసారి చెవిని నమ్మలేదట. ఆ గళ్ళ కాగితం గోడకి అంటించి, తనకి చాలినంత మోగిందనిపించిన ప్రతి కీచు శబ్దాన్నీ, కాగితం చెప్పినంత వెనక్కి లాగాడట. తాళాలు తనకి వినపడకుండానే కలిపాడు. టూ-ఇన్-వన్‌లో పెట్టి మీటలన్నీ మధ్యలో ఉంచాను. ఒక్కటీ కదపాల్సిన అవసరం రాలేదు. పాటలు మొదటి క్యాసెట్‌లాంటివి కావు, నెమ్మదివి, పొడవాటివి. కాని ఇత్తడి ఉండాల్సిన చోట ఉంది. హాస్టలు కుర్రాళ్ళు సౌండు మళ్ళీ పాతదారి పట్టిందని కొంచెం నిరుత్సాహపడ్డారట. సుభద్ర మొదటిసారి పెరట్లోకి వెళ్ళకుండా ఆఖరిదాకా కూర్చుని, “ఇదేదో కాస్త మనుషుల్లా ఉంది” అంది.

ఈ వ్యవహారం నాకు నేర్పింది ఇది. యంత్రాన్ని ఏటా సరిచూసేవాళ్ళం, దాన్ని నొక్కే చేతిని పన్నెండేళ్ళు ఎవరూ సరిచూడలేదు, నేను అసలే చూడలేదు. పరీక్ష పెట్టేవాడి చేతికి లయ ఉండకూడదు. ఉంటే ఎదుటివాడు చెప్పేది జవాబు కాదు, మన ప్రశ్ననే మనకి తిరిగి అప్పజెప్పడం. నా దగ్గర శిక్షణకి వచ్చిన ప్రతివాడికీ మొదటిరోజే ఆ పన్నెండు కాగితాలూ ఇచ్చి, వాటిలోంచి చీటీ తీసి ఏది వస్తే దాని ప్రకారం నొక్కమనేవాణ్ణి. నేను రిటైరయ్యేదాకా వాటికి ఎవరూ పట్టు కనిపెట్టలేకపోయారు. రాసినవాడే ఒకసారి సరదాగా బూత్‌లో కూర్చుని ప్రయత్నించాడు. మూడో కాగితం దగ్గర ఓడిపోయి, “ఇది ఎవడు రాసినాడు బాబాయ్” అంటూ బయటికొచ్చాడు.